పన్నెండు జానల టేపు

ట్రిబ్యునల్ హాల్లో వెండి కళ్ళజోడు లాయరు ఆ పాత పుస్తకాన్ని రెండు వేళ్ళతో పైకెత్తగానే, ఇరవై అడుగుల దూరం నుంచే గుర్తుపట్టాను. అట్ట మీద రాత మా అమ్మది.

“కత్తిరింపుల పుస్తకం,” అని చదివాడాయన. “ముప్పై ఒక్క ఏళ్ళ కిందటిది. పదిహేడో తారీఖు, బుధవారం. ‘మీ ప్రశ్న’ కార్యక్రమం. ప్రసారాల శాఖ మంత్రిగారి రికార్డింగు. తీసింది పన్నెండు జానలు.” పుస్తకం మూశాడు. “జానలట. మేడమ్, మనం మాట్లాడుకుంటున్నది రేడియో స్టేషన్ గురించేనా, బట్టల కొట్టు గురించా?”

హాలంతా నవ్వింది. నేను నవ్వలేదు. ఆ స్టేషన్ తరఫు లాయర్ని నేనే.

స్టేషన్ లైసెన్సు ఆ నెలాఖరుతో ముగుస్తుంది. అదే ఫ్రీక్వెన్సీ కోసం ఒక టీవీ చానెళ్ళ కంపెనీ దరఖాస్తు పెట్టుకుంది. వాళ్ళకి కావలసినది మా స్టేషన్ కాదు, గాలిలో మా చోటు. మా లైసెన్సు రెన్యువల్ కాకపోతే ఆ చోటు వాళ్ళది. అందుకు వాళ్ళు పట్టుకున్న ఆయుధం ప్రసార చట్టంలో పంతొమ్మిదో సెక్షన్. రికార్డు చేసిన ప్రసంగంలోంచి, మాట్లాడినవాళ్ళ అనుమతి లేకుండా, అర్థం మారేలా ఏ ముక్క తీసినా అది వక్రీకరణ. ఎన్నేళ్ళ కిందటిదైనా సరే, రుజువైతే రెన్యువల్ లేదు.

ఆ మంత్రిగారు పోయి చాలాకాలమైంది. ఆయన పాత కార్యదర్శి మాత్రం ప్రమాణపత్రం ఇచ్చాడు. ఆ రోజు మంత్రిగారు స్టేషన్ పనితీరుని గట్టిగా విమర్శించారనీ, ప్రసారంలో ఆ విమర్శ ఎగిరిపోయిందనీ.

“తమ మీద పడ్డ రాయిని తామే తీసి అవతల పారేశారు,” అన్నాడు వెండి కళ్ళజోడు. “పైగా ఎంత తీశారో మూరల్లో, జానల్లో రాసుకున్నారు.”

అధ్యక్షురాలు పెన్సిల్ చివరతో బల్ల మీద మెల్లగా తట్టింది. అరవై దాటిన మనిషి. ఎవరు మాట్లాడినా తల కాస్త పక్కకి వంచి వింటుంది.

“పంతొమ్మిదో సెక్షన్లో మినహాయింపు కూడా ఉంది కదా లాయరుగారూ,” అంది నావైపు చూసి. “ఒక వ్యక్తికి హాని జరక్కుండా ఆపడానికి చేసిన కత్తిరింపు వక్రీకరణ కాదు. కానీ తీసిన ముక్క ఏమిటో మాకు వినిపించాలి. ముక్క ఉందా?”

“కనుక్కుంటాను మేడమ్.”

“శుక్రవారం దాకా టైమిస్తున్నాను. ముక్క ఉంటే వింటాం. లేకపోతే ఆ పుస్తకమే మాట్లాడుతుంది.”

ఆ రోజు సోమవారం.

*

జానలంటే ఏమిటో నాకు తెలుసు. ఆ స్టేషన్లో పెరిగినదాన్ని.

బడి వదలగానే నేను వెళ్ళేది ఇంటికి కాదు, స్టేషన్‌కి. పొడవాటి వరండా, చివర ఎర్రబల్బు. బల్బు వెలిగి ఉంటే చెప్పులు చేత్తో పట్టుకుని నడవాలి. లోపల గాజుగోడ వెనక నాన్న. ఆయన్ని ఊరంతా ‘ఏడింటాయన’ అనేవారు. సాయంత్రం ఏడుగంటల వార్తలు ఆయనవి. ఆయన గొంతు వినపడగానే దుకాణాల్లో గడియారాలు సరిచేసుకునేవాళ్ళు. ఒకసారి నాన్నకి జలుబు చేసి ఇంకొకాయన చదివితే, మా వీధి దర్జీ మర్నాడు పొద్దున్నే వచ్చి, “అయ్యగారు బతికే ఉన్నారా?” అని అడిగిపోయాడు.

వరండాకి ఇటువైపు గదిలో అమ్మ. ఆమె ఎడిటర్. ఆ గదికి కిటికీ లేదు, గోడ నిండా మేకులు. ఒక్కో మేకుకీ వేలాడుతూ గోధుమరంగు టేపు ముక్కలు. స్పూల్ టేపుని యంత్రం మీద చేత్తో ముందుకీ వెనక్కీ ఆడిస్తూ, అక్కర్లేని చోటు చెవితో పట్టుకుని, అల్యూమినియం దిమ్మ గాడిలో పెట్టి, బ్లేడుతో ఏటవాలుగా కోసి అతికేది. అందుకే ఆమె ‘బ్లేడమ్మ’. టేపు సెకనుకి ఏడున్నర అంగుళాలు నడుస్తుంది. దేవుడు అమ్మ చేతిని కూడా సరిగ్గా ఆ కొలతకే చేశాడు. బొటనవేలి నుంచి చిటికెనవేలి దాకా ఏడున్నర అంగుళాలు. గడియారం చూడకుండా, టేపు మీద చెయ్యి చాపి లెక్కపెట్టేది. ఒక జాన, ఒక సెకను. స్టేషన్లో అందరూ ఆ భాషే మాట్లాడేవారు. “అక్కా, మంత్రిగారి దగ్గు రెండు జానలుంది, తీసెయ్.” “ఉపన్యాసం నలభై జానలు ఎక్కువైంది, ఎక్కడో ఒకచోట కొయ్యి తల్లీ.”

నియమం ప్రకారం తీసిన ముక్కలు తొంభై రోజులకి కాల్చెయ్యాలి. పనికిరాని దగ్గులు, తడబాట్లు అమ్మ సంచీలో పడేసుకుని ఇంటికి తెచ్చేది. వాటితో నా జడలు కట్టేది. మెరుస్తూ బాగుండేవి. నేను బడికి వెళ్తుంటే, “నెమ్మదిగా వెళ్ళవే, కుడిజడలో కలెక్టరుగారున్నారు,” అనేవాడు నాన్న.

సోమవారం సాయంత్రం స్టేషన్‌కి వెళ్ళాను. ఇప్పుడు అమ్మ గదిలో కంప్యూటర్ ఉంది. మేకులు మాత్రం అలాగే ఉన్నాయి, తీస్తే గోడ పెచ్చులూడుతుందని వదిలేశారట. స్టూడియో గుమ్మం పక్కన నాన్న ఫొటో, దాని కింద రిటైరైన రోజు ఇచ్చిన ఫలకం. ‘ఒక్క మాట మార్చని గొంతు.’

“అమ్మగారేమంటున్నారు లాయరమ్మా?” అన్నాడు మేనేజరు. పదిహేడు మంది ఉద్యోగుల బరువూ ఆయన భుజాల మీదే ఉన్నట్టు కాస్త వంగి నిలబడ్డాడు.

“ఇంకా అడగలేదు.”

“అడగండి. మా స్వీపరమ్మ నిన్న నన్నడిగింది, ‘మూసేస్తే ఈ ఎర్రబల్బు నేను తీసుకెళ్ళనా’ అని. ఏం చెప్పను?”

*

అమ్మ పాత కుట్టుమిషన్ ముందు కూర్చుని దిండుగలీబు కుడుతోంది. అంతా చెప్పాను. మిషన్ ఆగలేదు.

“ముక్క లేదు,” అంది.

“ఏముంది ఆ పన్నెండు జానల్లో?”

“గుర్తులేదు.”

“అమ్మా, మూడో క్లాసులో నేను తప్పు చదివిన పద్యం ఇప్పటికీ గుర్తుంది నీకు.”

“అది నువ్వు చదివావు కాబట్టి గుర్తుంది. మంత్రి చదివితే నాకేం?” దారం పళ్ళతో తెంపింది. “చూడు, ఆ పుస్తకంలో సంతకం నాది. ఏమన్నా అంటే నన్ననమను. నాకేం ఉద్యోగముందా, ఊడుతుందా?”

“నీ ఉద్యోగం కాదు, స్టేషన్ ఊడుతుంది.”

మిషన్ ఆగింది. ఒక్క క్షణమే. మళ్ళీ మొదలైంది.

అమ్మ అబద్ధం ఆడదు. ఆడాల్సి వస్తే కుడుతుంది. మంగళవారం మూడు దిండ్లు అయ్యాయి. బుధవారం పొద్దున పరుపు మీద పడింది. ఆమె దారం కొనడానికి బజారుకి వెళ్ళగానే నేను వెతకడం మొదలుపెట్టాను.

బీరువా, అటక, నాన్న పుస్తకాల పెట్టె, మందుల డబ్బా. ఎక్కడా లేదు. గంట వెతికి, ఒళ్ళంతా దుమ్ముతో కుట్టుమిషన్ ముందు కూలబడ్డాను. అప్పుడు తట్టింది. మూడు రోజులుగా ఈవిడ ఈ మిషన్ ముందు నుంచి లేవడం లేదు. ఇల్లంతా నాకొదిలేసి దీన్నొక్కదాన్నే కాపలా కాస్తోంది.

కుడివైపు చిన్న సొరుగులో దారం కండెలు. తెలుపు, నలుపు, నీలం. అడుగున గోధుమరంగు కండె ఒకటి. చేత్తో పట్టుకుంటే జారింది. అది దారం కాదు. కండెకి చుట్టిన టేపు. చుట్టూ కాగితం పట్టీ, దాని మీద ‘17, బుధ’ అని ఉంది.

అమ్మ తిరిగొచ్చేసరికి దాన్ని మిషన్ మీద పెట్టి కూర్చున్నాను. చూసి సంచీ కింద పెట్టింది. చెప్పులు విప్పడం మర్చిపోయి లోపలికి వచ్చింది, ఆమె జన్మలో చెయ్యని పని.

“లాయరువి కాదే నువ్వు, పోలీసువి.”

“ఏముంది ఇందులో?”

చెప్పులు గుమ్మం బయట వదిలొచ్చి చెప్పింది.

ఆ రోజుల్లో కొత్త బిల్లు మీద పెద్ద రభస. వార్తలు చదివే ముందు ప్రభుత్వానికి చూపించాలని బిల్లులో ఒక షరతు ఉంది. పేపర్ల నిండా అదే గొడవ. ‘మీ ప్రశ్న’లో నాన్న శ్రోతల ఉత్తరాలు చదివితే మంత్రి జవాబు చెప్పాలి. ప్రతి వారం నాన్న ఒక మాట చెప్పేవాడు. ‘పేరు రాయండి, మేం మాత్రం చదవం.’ ఒక మనిషి రాశాడు. వార్తని ముందే చూడాలనుకునేవాడు వార్తకి భయపడుతున్నట్టే కదా, మంత్రిగారికి భయం దేనికి, అని. నాలుగింటికి రికార్డింగు. ఆ ఉత్తరం వినగానే మంత్రి మొహం ఎర్రబడింది. నాన్న చేతిలోంచి కాగితం లాక్కున్నాడు. కింద ఉన్న పేరూ, వీధీ మైకులోనే చదివాడు. మా కుర్రాళ్ళు రేపొచ్చి నీకు జవాబు చెప్తార్లే అన్నాడు.

“ఏడింటి వార్తల వెనకే అది గాలిలోకి వెళ్తే తెల్లారేసరికి ఆ మనిషి గతి ఏమయ్యేది? పెదవి దాటితే పృథివి దాటుతుందంటారు. మాది పెదవి కూడా కాదు, ట్రాన్స్‌మిటర్.”

“మరి అతని కుర్రాళ్ళు ఎలాగూ వెళ్ళేవాళ్ళేగా?”

“కాగితం బల్ల మీద పడేసి వెళ్ళిపోయాడు, అది మీ నాన్న దగ్గరే ఉండిపోయింది. కోపంలో చదివినవాడికి పేరు గుర్తుంటుందా? మర్నాడు ఫోన్ చేశాడు, ఆ ఉత్తరం పంపండని. టీ ఒలికి తడిసిపోయిందండీ అన్నాం. నిజంగానే టీ ఒలకపోశాం, అబద్ధం ఎందుకని.”

నాకు నవ్వొచ్చింది. ఆమె కూడా నవ్వింది, తర్వాత చప్పున ఆపేసింది.

“ఇంత మంచి పని చేసి గుర్తులేదంటావేంటి? ఇదే కదా మినహాయింపు!”

“పేరు వినపడకూడదు. అప్పుడు మాటిచ్చాం. ఆ మనిషి ఇంకా ఉన్నాడు.”

“ఎవరు?”

“చూశావా, కూతురివి నువ్వే అడుగుతున్నావు. ఇంక ట్రిబ్యునల్ అడగదా?”

సాక్ష్యానికి ఒప్పుకుంది. ఒకటే షరతు. పేరు, వీధి ఎవరికీ వినిపించకూడదు. కానీ ఒప్పుకున్నాక కూడా ఆమె మొహంలో ఏదో మిగిలిపోయింది. గురువారం ఇంకో దిండు కుట్టింది. నేను గమనించాను, కానీ గెలిచానన్న తొందరలో అడగలేదు. అది నా తప్పు.

*

శుక్రవారం హాలు నిండిపోయింది. మేనేజరు పాత స్పూల్ యంత్రాన్ని స్టోరు గదిలోంచి తీయించి, తుడిపించి, ఆటోలో ఒళ్ళో పెట్టుకుని తెచ్చాడు.

అమ్మ సాక్షి కుర్చీలో కూర్చుంది. బ్లేడు, దిమ్మ, తెల్ల అతుకు పట్టీ చేతిసంచీలో ఉన్నాయి. గేటు దగ్గర సెక్యూరిటీ అతను బ్లేడు చూసి ఆపితే, “నాయనా, దీంతో నేను మంత్రుల్ని కోశాను గానీ మనుషుల్ని కొయ్యలేదు,” అని లోపలికొచ్చింది.

నేను జానల సంగతి అడిగాను. చెప్పింది. గుమస్తా స్కేలు తెచ్చి ఆమె చెయ్యి కొలిచాడు. సరిగ్గా ఏడున్నర. హాల్లో ఒక మెచ్చుకోలు శబ్దం లేచింది. కండె తీసి బల్ల మీద పెట్టాను. ఇదే ఆ రోజు తీసిన ముక్క అంది. నేను కూర్చున్నాను. పనైపోయిందనుకున్నాను.

వెండి కళ్ళజోడు లేచాడు. మర్యాదగా నమస్కారం పెట్టాడు. అప్పుడే భయపడాల్సింది.

“అమ్మా, మీ జాన ఎప్పుడైనా తప్పిందా?”

“లేదు.”

“ఒక్క అంగుళం కూడా?”

“అంగుళం తప్పితే మాట తెగుతుంది బాబూ. తప్పదు.”

“పుస్తకంలో పన్నెండు జానలని రాసింది మీరే?”

“నా రాతే.”

“అంటే తొంభై అంగుళాలు.” గుమస్తాకి సైగ చేశాడు. ఇద్దరూ కలిసి కండె మీది టేపు విప్పి బల్ల పొడవునా పరిచారు. బల్ల సరిపోలేదు. మడత పెట్టి కొలిచారు. “నూట ఎనిమిది అంగుళాలు మేడమ్,” అన్నాడు గుమస్తా.

“నూట ఎనిమిది,” అన్నాడు వెండి కళ్ళజోడు. “ఈవిడ జాన ప్రకారం పధ్నాలుగున్నరకి దగ్గర. పుస్తకంలో పన్నెండు. ఈవిడ చెయ్యి ఎప్పుడూ తప్పదు, ఈవిడే చెప్పారు. అంటే తప్పు చెయ్యిది కాదు, ముక్కది. ఇది ఆ రోజు టేపు కాదు. ఎవరో తర్వాత తయారుచేసి తెచ్చారు.”

హాల్లో గుసగుసలు. మేనేజరు కళ్ళు మూసుకున్నాడు. నేను అమ్మ వైపు చూశాను. ఆమె టేపు వైపు చూడటం లేదు. తన చెయ్యి చూసుకుంటోంది. ఆ చూపు నాకు తెలుసు. కుట్టుమిషన్ దగ్గర లేనప్పుడు దొరికిపోయిన మనిషి చూపు.

ఎందుకు తప్పింది? అమ్మ తప్పదు. అయితే అది అమ్మ కాదు.

నా చెయ్యి దానంతటదే గడ్డం కిందకి వెళ్ళింది. అక్కడ చిన్న మచ్చ ఉంది, మూడు కుట్లు. తొమ్మిదేళ్ళప్పుడు, అంటే సరిగ్గా ముప్పై ఒక్క ఏళ్ళ కిందట, బడి మెట్ల మీంచి పడ్డాను. బడి నుంచి స్టేషన్‌కి ఫోన్ చేస్తే అమ్మ పరుగెత్తుకుంటూ వచ్చింది. డాక్టరు దగ్గర నా చెయ్యి పట్టుకుని కూర్చుంది. ఆ రోజు తెల్ల యూనిఫాం వేసుకున్నాను, రక్తం మరక పోలేదు. బుధవారాలే మాకు తెల్ల యూనిఫాం.

లేచాను. “సాక్షిని ఇంకో ప్రశ్న అడగడానికి అనుమతి కావాలి.”

“అడగండి.”

“అమ్మా,” అన్నాను. సాక్షిగారూ అనాలి, నోరు తిరగలేదు. “ఆ రోజు నాలుగు నుంచి ఏడు దాకా నువ్వెక్కడున్నావు?”

ఆమె తలెత్తి చూసింది. వద్దంటోంది. నేను గడ్డం పైకెత్తి మచ్చ చూపించాను.

“ఊరుకోవే,” అంది మెల్లగా. మైకు ముందు అంది కాబట్టి అందరూ విన్నారు.

“చెప్పమ్మా. స్టేషన్ పోతుంది.”

అమ్మ నీళ్ళు తాగింది. గ్లాసు కింద పెట్టింది. దాన్ని కాస్త పక్కకి జరిపింది.

“డాక్టరు దగ్గరున్నాను. ఇదిగో, ఈ లాయరుగారికి కుట్లు వేయిస్తూ. స్టేషన్‌కి తిరిగొచ్చేసరికి ఏడుకి పది నిమిషాలు. అప్పటికే మా ఆయన కోసేశారు.”

“మీ ఆయనంటే?” అడిగింది అధ్యక్షురాలు.

“ఏడింటాయన,” అని వెనక వరసలోంచి ఎవరో అన్నారు, అప్రయత్నంగా.

“మైకు ముందు కూర్చునేవాళ్ళు బ్లేడు ముట్టకూడదని అప్పటి రూలు,” అంది అమ్మ. “ముడితే ఉద్యోగం పోయేది, ఆరు నెలలు లోపల కూర్చోవాలి. చేతికి దొరికిన బ్లేడుతో రీలు కోసి అతికి యంత్రం మీద పెట్టేశారు. నేను పుస్తకం తీసి, ‘ఎన్ని జానలండీ’ అన్నాను. ‘పన్నెండు’ అన్నారు. పన్నెండని రాసి సంతకం పెట్టాను. ఆయన చెయ్యి పెద్దదని నాకు తట్టలేదు. నా చెయ్యి చిన్నదని ఆయనకీ తట్టలేదు. మా ఇద్దరికీ జానంటే జానే.”

నూట ఎనిమిదిని పన్నెండుతో భాగించడానికి ఎవరికీ కాగితం అవసరం లేకపోయింది. తొమ్మిదంగుళాలు.

“చనిపోయిన మనిషి చెయ్యిని ఇప్పుడెలా కొలుద్దాం మేడమ్?” అన్నాడు వెండి కళ్ళజోడు. ఆయన గొంతులో ఇందాకటి తేనె లేదు. “కథ బాగుంది. రుజువేది?”

“రుజువు మీరే పెట్టారు కదా బాబూ,” అంది అమ్మ. “మంత్రుల ప్రసంగాలు కలకాలం దాచాలని చట్టం. ఆ రోజు ప్రసారమైన రీలు మీరే తెచ్చి ఇక్కడ సీలు వేయించారు. అది ఒకసారి తీయించండి. నేను ఏటవాలుగా కోస్తాను, ముప్పై ఏళ్ళలో ఒక్కటి కూడా నిలువుగా కొయ్యలేదు. నిలువుగా కోస్తే అతుకు దగ్గర టిక్కుమంటుంది. ఆయనకి ఆ సంగతి తెలీదు పాపం. గుమ్మడికాయ కోసినట్టు కోశారు.”

సీలు విప్పారు. రీలు యంత్రం మీద పెట్టి ఆడించారు. మంత్రి గొంతు, తర్వాత చిన్నగా టిక్. అమ్మ అక్కడ ఆపి, ముప్పై ఒక్క ఏళ్ళ అతుకుని గోరుతో లేపింది. రెండు కొసలూ నిలువుగా ఉన్నాయి. ఒక కొస మధ్యలో బ్లేడు జారి చిన్న పన్నులా నొక్కు పడింది. గుమస్తా భూతద్దం పెట్టాడు. కండె మీది ముక్క మొదటి కొసకి సరిగ్గా అదే నొక్కు, ఇటు నుంచి అటు. పక్కపక్కన పెడితే గీత కూడా కనపడలేదు.

అధ్యక్షురాలు కుర్చీ దిగి వచ్చి స్వయంగా వంగి చూసింది. వెండి కళ్ళజోడు కూడా చూశాడు. చాలాసేపు చూశాడు.

“ఎవరు కోశారన్నది పంతొమ్మిదో సెక్షన్ అడగదు,” అంది ఆమె తిరిగి కూర్చుంటూ. “ఏం కోశారన్నదే అడుగుతుంది. వినిపించండి.”

“పేరు వినిపించనమ్మా,” అంది అమ్మ.

“ఇది ట్రిబ్యునల్.”

“తెలుసు. ఆయనకి మేం మాటిచ్చినప్పుడు ట్రిబ్యునల్‌కి తప్ప అని చెప్పలేదు. నన్ను కొయ్యనివ్వండి. మీ ముందే కోస్తాను. కోసిన ముక్క కవర్లో పెట్టి సీలు వెయ్యండి, నా చేతికివ్వకపోయినా సరే.”

వెండి కళ్ళజోడు లేవబోయాడు. అధ్యక్షురాలు పెన్సిల్ ఎత్తింది, ఆయన కూర్చున్నాడు.

“కొయ్యండి,” అంది.

అమ్మ హెడ్‌ఫోన్ పెట్టుకుంది. కండె మీది ముక్కని యంత్రానికెక్కించి చేత్తో ముందుకీ వెనక్కీ ఆడించింది. హాల్లో ఎవరికీ ఏమీ వినపడటం లేదు. డెబ్బై ఏళ్ళ ఆ వేళ్ళు వణుకుతున్నాయి. పసుపు పెన్సిల్‌తో గుర్తు పెట్టి, దిమ్మ గాడిలో టేపు పెట్టి బ్లేడు దించింది. ఏటవాలుగా. రెండు చోట్ల. మిగిలిన కొసలు తెల్ల పట్టీతో అతికి, తీసిన ముక్కల మీద చెయ్యి చాపి, పెదవులు కదుపుతూ లెక్కపెట్టుకుంది. అలవాటు.

తర్వాత బటన్ నొక్కింది.

“ఈ ఉత్తరం రాసిన పెద్దమనిషి పేరు కూడా రాశాడండోయ్,” అంది మంత్రి గొంతు. వెనకాల కాగితం లాక్కున్న చప్పుడు. నాన్న గొంతు దూరంగా, “అయ్యా, అది చదవకూడదండి.” మంత్రి మళ్ళీ, “చదివితే ఏమవుతుంది? వినండి. ఇతను... వీధిలో... మా కుర్రాళ్ళు రేపు పొద్దున మీ ఇంటికే వచ్చి జవాబు చెప్తారు లెండి. నాకు భయమో నీకు భయమో అక్కడ తేల్చుకుందాం.”

టేపు చివర తిరుగుతూ టపటపా కొట్టుకుంది. ఎవరూ ఆపలేదు. నాన్న గొంతు విని నాకు పదకొండేళ్ళయింది. ‘చదవకూడదండి’ అనే ఒక్క ముక్కలో ఆయన మొత్తం ఉన్నాడు, ఆ మర్యాద, ఆ కంగారు, అన్నీ. అమ్మ హెడ్‌ఫోన్ తియ్యకుండా అలాగే కూర్చుంది.

“ఇందులో స్టేషన్ మీద విమర్శ నాకేమీ వినపడలేదు,” అంది అధ్యక్షురాలు వెండి కళ్ళజోడుతో. “మీకు వినపడిందా?”

లేదని ఒప్పుకున్నాడు. ఆ మాటవరకూ మర్యాదస్తుడే.

*

లైసెన్సు పదేళ్ళకి రెన్యువల్ అయింది. తను చెయ్యని కోతకి అమ్మ పుస్తకంలో పెట్టిన సంతకం గురించి అధ్యక్షురాలు తీర్పులో ఒక పేరా రాసింది, తప్పే గానీ కాలం చెల్లిందని. అమ్మ ఆ పేరా రెండుసార్లు చదువుకుంది. పేరూ వీధీ ఉన్న కవరు సీలుతోనే ఆమెకి ఇచ్చేశారు.

తీర్పు వచ్చిన వారం అమ్మని స్టేషన్‌కి తీసుకెళ్ళాను. నాన్న ఫొటో ముందు ఆగింది.

“ఒక్క మాట మార్చని గొంతు,” అని చదివింది. “ఇన్నాళ్ళూ దీని కోసమే నోరు నొక్కుకున్నాను. ఇప్పుడీ ఫలకం తీసెయ్యాలేమో.”

“ఎందుకమ్మా?” అన్నాడు మేనేజరు. “సారు మార్చలేదుగా, తీశారంతే.”

అమ్మ ఆయన్ని మెచ్చుకోలుగా చూసింది. “నువ్వు లాయరువి కావాల్సింది నాయనా. మా అమ్మాయి మేనేజరు కావాల్సింది.”

ఎర్రబల్బు వెలిగింది. అమ్మ చెప్పులు విప్పి చేత్తో పట్టుకుంది. ఆమెను చూసి నేనూ, మమ్మల్ని చూసి మేనేజరూ. ముగ్గురం చెప్పులు పట్టుకుని వరండాలో నడిచి అమ్మ పాత గదిలోకి వెళ్ళాం. కంప్యూటర్ పక్కన ఆ రోజు వచ్చిన ఉత్తరాలున్నాయి. ఇప్పుడు ఉత్తరాలు రాసేవాళ్ళు తక్కువ, నాలుగే ఉన్నాయి. అమ్మ ఒక్కొక్కటే తిరగేసి, మూడోదాని దగ్గర ఆగింది. పాత కాలం గుండ్రటి రాత.

“ఈయన నెలకొకటి రాస్తాడమ్మా,” అన్నాడు మేనేజరు. “ఎప్పుడూ ఫిర్యాదే. పాట మధ్యలో ఆపారు, వార్తలు అరనిమిషం ఆలస్యం, ఇలా.”

“తెలుసు. ముప్పై ఏళ్ళుగా రాస్తున్నాడు. చదువు,” అంది నాతో, కాగితం కింది సగం తన చేత్తో మూసి.

చదివాను.

‘అయ్యా, ట్రిబ్యునల్ వార్తలో మీరు వినిపించిన మంత్రిగారి మాటలు విన్నాను. రెండు చోట్ల అతుకు తెలిసిపోయింది. మీ స్టేషన్లో ఒకప్పుడు ఇలాంటి పని ఉండేది కాదు. ఎవరో కొత్తవాళ్ళు చేసినట్టున్నారు, కాస్త నేర్పించండి. ఇంకొక సంగతి. ఆ ఉత్తరం రాసినవాడు అప్పట్లో మీకు కృతజ్ఞతలు చెప్పి ఉండడు, అతనికేం తెలుసు. అతని తరఫున నేను చెబుతున్నాను. వార్తలు నిన్న కూడా ఆలస్యం.’

“ఎవరో కొత్తవాళ్ళట,” అంది అమ్మ. నవ్వుతోంది, కళ్ళు మాత్రం తుడుచుకుంటోంది. “చెయ్యి వణికింది మరి, ఏం చెయ్యను?”

“ఎవరమ్మా ఈయన?” అని కాగితం లాగబోయాను.

ఆమె చెయ్యి తియ్యలేదు. నా చెయ్యి పట్టుకుని కాగితం మీద తన చెయ్యి పక్కనే పరిచింది. నా చిటికెనవేలు ఆమె చిటికెనవేలిని దాటి బాగా అవతలికి వెళ్ళింది.

“నీది మీ నాన్న జాన,” అంది. “కొలతలు నువ్వు చెప్పకు. రాసేది నేను రాస్తాను.”

ఉత్తరం మడతపెట్టి, సంతకం లోపలికి పోయేలా ఇంకోసారి మడిచి, బొటనవేలితో నొక్కిపట్టుకుని సంచీలో వేసుకుంది.